మా మామ వేసిన వేషాలు!

మొన్నామధ్య మా మామ కూతురి కొడుకు పెళ్ళికి బెంగుళూరు వెళ్ళాను. ముందురోజు రాత్రి ‘సంగీత్’ అట! “పాతకాలం హీరోల వేషాల్లో రావాలి” అని కుర్రాళ్ళు నియమం పెట్టారు. బెల్‌బాటం ప్యాంట్లు అద్దెకు తెచ్చుకున్నారు. మామ మాత్రం ఒక మూల కూర్చుని నా చెయ్యి గట్టిగా పట్టుకున్నాడు. “నోరు జారొద్దు అల్లుడూ” అని ఆ పట్టుకు అర్థం.

ఎందుకంటారా? చెబుతాను.

ఏడాదికి సరాసరిన 550 మిల్లీమీటర్ల వాన పడే అనంతపురం సీమ మాది. అదైనా శెనక్కాయకు కావలసినప్పుడు పడదు. 1980లలో ఒక కరువేడు, వేసిన విత్తనం కూడా తిరిగి ఇల్లు చేరలేదు. మామ రికార్డు డ్యాన్సు బృందంలో చేరాడు. కదిరి వైపు, కళ్యాణదుర్గం వైపు తిరునాళ్ళలో ట్రాక్టరు ట్రాలీయే స్టేజీ. ‘దసరా బుల్లోడు’ (1971) నాగేశ్వరరావు, ‘అడవిరాముడు’ (1977) రామారావు, ‘ఖైదీ’ (1983) చిరంజీవి... ఒకే రాత్రి ముగ్గురూ మా మామే! “నాగేశ్వరరావుకు భుజం, రామారావుకు ఛాతీ, చిరంజీవికి మోకాలు. అవి పట్టుకుంటే మనిషి దొరికినట్టే” అనేవాడు. రికార్డు మీద ముల్లు ఇరుక్కుని పాట ఒక్కచోటే తిరుగుతుంటే, అదే స్టెప్పు మళ్ళీ మళ్ళీ వేసి, పాటే అంత అనిపించేవాడు. జనం ఈలలు వేసి, చొక్కాకు రూపాయి నోట్లు గుచ్చేవారు. ఇంట్లో ముద్దకు రాగులు ఆ నోట్లతోనే వచ్చేవి.

కానీ కూతురికి సంబంధం కుదిరి, తాంబూలాల దాకా వచ్చాక, “తైతక్కలాడేవాడి ఇంటి పిల్లా?” అని మగపెళ్ళివారు లేచిపోయారు. ఆ రాత్రే మామ వేషం బట్టలు పెట్టెలో పెట్టి తాళం వేశాడు. తర్వాత వచ్చిన సంబంధం వాళ్ళకు ఆ ఊసే చెప్పలేదు.

ఏ మాటకామాటే చెప్పుకోవాలి. మగవాడు ఆడితే తక్కువతనమా? ‘నర్తనశాల’ (1963)లో బృహన్నలగా గజ్జె కట్టిన రామారావుగారినే మా హిందూపురం 1985, 1989, 1994లలో ఎమ్మెల్యేగా గెలిపించుకుంది. సత్యభామ వేషానికి పేరుపడ్డ వేదాంతం సత్యనారాయణశర్మగారికి 1970లో పద్మశ్రీ ఇచ్చారు. అంతెందుకు, 1979లో లాస్ ఏంజిల్స్‌లో ‘చిప్పెన్‌డేల్స్’ పేరిట మగవాళ్ళ డ్యాన్సు పెట్టి, ఆడవాళ్ళ చేత టిక్కెట్లు కొనిపించినవాడు బొంబాయిలో పుట్టిన సోమెన్ బెనర్జీ! ‘ఆర్.ఆర్.ఆర్.’ (2022)లో ఇద్దరు హీరోలు దుమ్ము రేపిన ‘నాటు నాటు’ పాటకు 2023లో ఆస్కారే వచ్చింది. గజ్జె ఒకటే. పెద్ద స్టేజీ మీద కడితే కళ, ట్రాలీ మీద కడితే తైతక్క!

సరే, బెంగుళూరుకు వద్దాం. పెళ్ళికొడుకు నల్లకళ్ళద్దాలు పెట్టుకుని చిరంజీవి స్టెప్పు మొదలెట్టాడు. మామ ఒకసారి ఓర్చుకున్నాడు, రెండుసార్లు ఓర్చుకున్నాడు. మూడోసారి నా చెయ్యి వదిలేశాడు.

“ఒరేయ్, నడుము కాదురా... మోకాలు!”

పంచె ఎగగట్టి లేచాడు. డెబ్భై దాటిన ఆ మోకాళ్ళు ఎలా వంగాయో, ఎలా లేచాయో! హాలంతా నిశ్శబ్దం. పాట అయ్యాక అల్లుడుగారు అడిగారు. “ఎక్కడ నేర్చుకున్నారు మామా?”

మామ నావైపు చూశాడు. నేను నోరు విప్పలేదు. తనే చెప్పాడు. “తిరునాళ్ళలో నాయనా. రికార్డు డ్యాన్సు ఆడినాను. మీకు చెప్పలేదు.”

అల్లుడుగారు కాసేపు ఏమీ అనలేదు. తర్వాత జేబులోంచి నోటు తీసి, పిన్నీసు కోసం భార్య వైపు చెయ్యి చాచారు. ఆవిడ కళ్ళు తుడుచుకుంటూ కొంగు పిన్నీసే తీసి ఇచ్చింది.

తిరుగు బస్సులో మామ చాలాసేపు మాట్లాడలేదు. పెనుకొండ దాటాక అన్నాడు: “అల్లుడూ, ఊర్లో పెట్టెలో ఎర్ర చొక్కా ఉండాది. ఎలకలు కొట్టినాయో ఏమో, పొద్దున్నే చూడాల.”