నంద్యాల దాకా వచ్చిన రైలు

గుంతకల్లులో బండెక్కి తూర్పుకు వస్తే మద్దికెర, పెండేకల్లు, డోన్, బేతంచెర్ల, పాణ్యం దాటాక నంద్యాల. ఈ దారి వేయించింది కరువు. 1876-78 నాటి ధాత కరువుకు మద్రాసు ప్రెసిడెన్సీలో లక్షలమంది బలైపోయారు. రేవుల్లో దిగిన ధాన్యం సీమ పల్లెలకు చేరాలంటే ఎడ్లబండే దిక్కు. ఆ ఎడ్లకే మేత లేదు. 1880 నాటి కరువు కమిషన్ దీనికి విరుగుడు రైలేనని తేల్చింది. 1882లో పుట్టిన సదరన్ మరాఠా రైల్వే, ఆ దశాబ్దంలోనే బళ్లారి సీమ నుంచి కృష్ణా తీరం వైపు మీటరు గేజి పట్టాలు పరుస్తూ వచ్చింది. ఈ పట్టాల పడమటి కొస హుబ్లీ మీదుగా గోవాలోని మార్ముగోవా రేవుకు తగులుకుంది. కాబట్టి దొరల లెక్కలో పేదవాడి అన్నం ఒక్కటే ఉందంటే నేను నమ్మను.

మీటరు గేజి చవక. ఆ చవక భారం మోసింది మాత్రం గుంతకల్లు హమాలీలు. మద్రాసు-రాయచూరు లైను బ్రాడ్ గేజి కావడంతో, ఒక బండిలోని బస్తాలు దించి ఇంకో బండికి ఎక్కించాల్సి వచ్చేది.

బేతంచెర్ల దగ్గర నాపరాయి గనులు. కోసిన బండలు నిలువునా ఆనించి, వరసలు వరసలుగా పెట్టి ఉంటాయి. సీమలో ఆ బండ పరవని ఇల్లు అరుదు.

నంద్యాల దాటి గాజులపల్లె చేరితే నల్లమల మొదలు. అసలు పని ఇక్కడ జరిగింది. బొగద దగ్గర కొండను తొలిచారు, దొరబావి లోయ మీద ఎత్తైన వంతెన కట్టారు. 1990ల్లో బ్రాడ్ గేజి వచ్చి దారి మారాక ఆ వంతెనకు పని లేకుండా పోయింది. చలమ, దిగువమెట్ట దాటితే గిద్దలూరు.

మరి ఆళ్లగడ్డ? నంద్యాలకు దక్షిణంగా సుమారు 40 కిలోమీటర్లు, కడప రోడ్డు మీద. తూర్పుకు పోయే పట్టాలు అటు తిరగలేదు. 2016లో ఎర్రగుంట్ల-నంద్యాల లైను తెరిచినప్పుడు ఆశ పుట్టాల్సింది. అదీ జమ్మలమడుగు, కోవెలకుంట్ల, బనగానపల్లె మీదుగా పడమటగానే పోయింది. ఆళ్లగడ్డ శిల్పులు చెక్కిన విగ్రహాలు లారీలెక్కుతాయి. రైల్లో వచ్చే అహోబిలం భక్తులు నంద్యాలలో దిగి, బస్సెక్కి ఆళ్లగడ్డ మీదుగా పోవాల్సిందే.