బొల్లారంలో మామిడిపండు కాబ్లర్

బొల్లారం అనగానే హైదరాబాద్ వాళ్లకి ముందు గుర్తొచ్చేది రాష్ట్రపతి నిలయం. అది సికింద్రాబాద్ దాటాక వచ్చే బొల్లారం. అక్కడ రైల్వే స్టేషన్ ఉంది, కంటోన్మెంట్ చెట్ల నీడ ఉంది. నేను చెప్పబోయేది ఆ బొల్లారం గురించి కాదు, సంగారెడ్డి జిల్లా బొల్లారం గురించి. ఉద్యోగ ప్రకటనల్లో, లారీ బిల్లుల మీద ‘ఐడీఏ బొల్లారం’ అని కనిపించేది ఇదే. ఐడీఏ అంటే ఇండస్ట్రియల్ డెవలప్‌మెంట్ ఏరియా. ఊరికి అది ఇంటిపేరులా అతుక్కుపోయింది. ఆటో ఎక్కేటప్పుడు ఆ మూడక్షరాలూ కలిపి చెప్పకపోతే రెండో బొల్లారంలో తేలతారు, జాగ్రత్త!

మియాపూర్‌లో మెట్రో దిగి బాచుపల్లి మీదుగా వెళ్లాలి. దారంతా అపార్ట్‌మెంట్లు, కాలేజీ హోర్డింగులు. కాస్త ముందుకెళ్లాక దృశ్యం మారిపోతుంది. ఎత్తైన ప్రహరీలు, వాటి పైనుంచి కనిపించే పైపులు, గేటు బయట వరసగా ఆగిన ట్యాంకర్లు, షిఫ్టు మారే వేళకి టిఫిన్ క్యారియర్లతో రోడ్డు దాటే జనం. వీధుల్లో తెలుగు ఎంత వినిపిస్తుందో హిందీ, ఒడియా, భోజ్‌పురి కూడా దాదాపు అంతే. 2018లో మున్సిపాలిటీగా మారిన ఈ ఊళ్లో ‘మీదే ఊరండీ?’ అని అడిగితే ‘ఇదే’ అనేవాళ్లు తక్కువ.

మా పిన్ని కూతురు ఇక్కడో మందుల కంపెనీలో కెమిస్టు. మరో ఇద్దరమ్మాయిలతో కలిసి ఒక గది అద్దెకు తీసుకుంది. అందులో ఒకమ్మాయికి పెళ్లి కుదిరింది. ఉద్యోగం మానేసి పార్వతీపురం వెళ్లిపోతోంది. “అక్కా, ఆదివారం ముగ్గురికీ సెలవు కలిసింది. కేకు లాంటిదేదైనా మా గదిలోనే చేసి పెట్టు. కానీ మా దగ్గర ఓవెన్ లేదు, మిక్సీ లేదు, బీటర్ లేదు” అని మా చెల్లి ఫోను. అలా మే నెల ఎండలో బొల్లారం ప్రయాణం కట్టాను.

ఏమీ లేనివాళ్ల కోసమే పుట్టిన వంటకం ఒకటుంది. దాని పేరు కాబ్లర్. “అంటే చెప్పులు కుట్టేవాళ్లు కదక్కా?” అంది పార్వతీపురం అమ్మాయి. మాట అదే గానీ ఇది తినేది. అమెరికాకి వలస వెళ్లిన తొలినాటి జనం, తమ దేశంలో చేసుకునే పుడ్డింగులకు కావాల్సిన సరుకులూ సామానూ దొరక్క, దొరికిన పండ్లను కుండలో వేసి, పైన ఇంత పిండి ముద్ద పరిచి, నిప్పుల మీద పెట్టి ఉడికించుకున్నారు. ఉడికాక పైభాగం రాళ్లు పరిచిన బాటలా గతుకులుగా ఉంటుంది కాబట్టి ఆ పేరు వచ్చిందని కొందరంటారు. ఇనప కుండ మూత మీద కూడా నిప్పులు పోసేవాళ్లు, పైనా కిందా సమంగా వేడి తగలాలని. మన దమ్ బిర్యానీ హండీ మూత మీద బొగ్గులు పరచడం లాంటిదే ఇది కూడా. ఆ మాటకొస్తే ఎండు ఆప్రికాట్లతో చేసే ఖుబానీ కా మీఠా, బ్రెడ్డుతో చేసే డబుల్ కా మీఠా కూడా అల్మరాలో ఉన్న సరుకుతో లాగించే తీపి వంటలేగా!

మా సరుకంతా వీధి చివరి కిరాణా కొట్లోనే దొరికింది. గ్లూకోజ్ బిస్కెట్లు 150 గ్రాములు, పాలు ముప్పావు కప్పు, కస్టర్డ్ పౌడరు, ఒక ఈనో ప్యాకెట్, కాస్త నెయ్యి. పిండి జల్లించి, వెన్న కలిపి, కొలతలు చూసే పనంతా బిస్కెట్లే తప్పిస్తాయి. వాటిలో గోధుమపిండి, చక్కెర, నూనె ఎలాగూ ఉంటాయి. మామిడిపండ్లు బండి మీద కొన్నాం. మూడు పెద్ద బంగినపల్లి.

నిజానికి పండ్లు కొనక్కర్లేదనుకున్నాను. వీళ్లుండే ఇంటి వాకిట్లోనే మామిడిచెట్టు ఉంది. గుత్తులు గుత్తులుగా కాయలు, కింద రాలి పడ్డవి కూడా ఉన్నాయి. “పెద్దమ్మా, నాలుగు కాయలు కోసుకోమంటారా?” అని ఇంటి ఓనరమ్మని అడిగాను. డెబ్భై దాటిన మనిషి. అరుగు మీద కూర్చుని చిక్కుడుకాయ తుంపుతోంది.

“వద్దు బిడ్డా. కొనుక్కొచ్చుకోండ్రి. గీ చెట్టు కాయ మేం తింటలేం.”

“పుల్లగా ఉంటాయా?”

“పులుపేంది, తేనె లెక్క ఉంటది. చిన్నప్పుడు మా అత్త పెట్టిన చెట్టు. గిప్పుడు దానికి పోయేది బోరు నీళ్లేనాయె.”

అంతే చెప్పి మళ్లీ చిక్కుడుకాయలో పడింది. ఆ కాయల్లో ఏదో ఉందని ఎవరూ పరీక్ష చేసి ఆమెకు చెప్పలేదు. ఏమీ లేదని కూడా ఎవరూ చెప్పలేదు. అందుకే చెట్టు కొట్టెయ్యనూ లేదు, కాయ తిననూ లేదు. ఏటేటా కాస్తుంది, రాలుతుంది, ఊడ్చి పోస్తారు.

ఆమె భయం గాల్లోంచి పుట్టింది కాదు. 1970ల నుంచి పటాన్‌చెరు చుట్టుపక్కల ఫ్యాక్టరీలు పెరుగుతూ వచ్చాయి. వాటి వ్యర్థ జలాలు చెరువుల్లోకి, నక్కవాగులోకి చేరాయి. నక్కవాగు వెళ్లి మంజీరలో కలుస్తుంది. పంటలు పోయిన రైతుల తరఫున 1990లో సుప్రీంకోర్టులో కేసు పడింది. పదేళ్ల పైన అక్కడే నడిచి, 2001లో హైకోర్టుకు బదిలీ అయింది. పటాన్‌చెరులో వ్యర్థ జలాలను శుద్ధి చేసి వదిలిన నీటిని స్వీడన్ శాస్త్రవేత్తలు పరీక్షించి 2007లో ఫలితాలు ప్రకటించారు. అందులో సిప్రోఫ్లోక్సాసిన్ అనే యాంటీబయాటిక్ లీటరుకి 31 మిల్లీగ్రాముల వరకూ ఉంది. ఆ మందు మింగిన రోగి రక్తంలో ఉండేదానికన్నా అది ఎక్కువ! 2009లో కేంద్ర కాలుష్య నియంత్రణ మండలి దేశంలో తీవ్రంగా కలుషితమైన 43 పారిశ్రామిక ప్రాంతాలను గుర్తిస్తే అందులో పటాన్‌చెరు–బొల్లారం ఒకటి. ఆ తర్వాత నిబంధనలు బిగిశాయి, శుద్ధి యంత్రాలొచ్చాయి. కానీ వాకిట్లో బోరు ఇప్పుడెలా ఉందో ఆ పెద్దమ్మకి చెప్పే కాగితం ఏదీ చేతికి రాలేదు.

సరే, వంటలోకి వద్దాం. బండి మీద కొన్న పండ్లు కడగాలి. మా చెల్లి ముందు నల్లా నీళ్లతో రుద్ది కడిగి, తర్వాత క్యాన్ నీళ్లు ఒక గ్లాసు పోసి మళ్లీ కడిగింది. నేను చూస్తూంటే నవ్వింది. “అలవాటక్కా. తాగడానికి, వండడానికి, పండ్లు కడగడానికి క్యాన్. గిన్నెలకి, బట్టలకి నల్లా. లెక్క పెట్టుకుని వాడతాం.” అప్పుడే గమనించాను, ఈ వంటలో నీటి చుక్క అక్కర్లేదు. పండు రసం, పాలు చాలు. ఆ మాట చెప్పగానే ముగ్గురూ “అయితే మా బొల్లారం వంటే ఇది!” అన్నారు.

చేసే పద్ధతి చెప్తాను, రాసుకోండి. మందపాటి పాత గిన్నెలో రెండు కప్పుల దొడ్డు ఉప్పు పరిచి, మధ్యలో చిన్న స్టాండు పెట్టి, మూతపెట్టి పది నిమిషాలు వేడెక్కనివ్వాలి. ఇదే మన ఓవెన్. ఈలోగా మామిడి ముక్కలు మూడు కప్పులు, చక్కెర రెండు మూడు చెంచాలు, అర నిమ్మచెక్క రసం, కస్టర్డ్ పౌడరు ఒక పెద్ద చెంచా, రెండు యాలకుల పొడి కలిపి, నెయ్యి రాసిన స్టీలు గిన్నెలో పొయ్యి మీద మూడు నాలుగు నిమిషాలు ఉడికించాలి. రసం చిక్కబడుతుంది. పండు వేడిగా ఉండగానే పైన పిండి పొయ్యాలి, ఇది మాత్రం మరిచిపోవద్దు. చల్లని పండు మీద పోస్తే పిండి అడుగు పచ్చిగా ఉండిపోతుంది.

బిస్కెట్లను కవర్లో వేసి చపాతీ కర్రతో మెత్తగా కొట్టి, పాలు పోసి దోసెల పిండికన్నా కాస్త గట్టిగా కలపాలి. ఆఖర్లో ఒక చెంచా ఈనో వెయ్యగానే బుసబుసమని పొంగుతుంది. ఇక ఆలస్యం చెయ్యకుండా పండు మీద చెంచాతో అక్కడక్కడా వేసెయ్యాలి. కలపకూడదు. గిన్నెలో మూడోవంతు ఖాళీ ఉంచాలి. వేడెక్కిన ఉప్పు గిన్నెలో స్టాండు మీద దింపి, మూత పెట్టి, సన్నని మంట మీద ముప్పై అయిదు నిమిషాలు. పుల్ల గుచ్చితే పైపొరలో పిండి అంటకూడదు. పైభాగం ఓవెన్లో లాగా ఎర్రబడదు, అది చూసి కంగారు పడకండి. మామిడి లేని రోజుల్లో అనాస, యాపిల్, జామ, ఏవైనా సరే. డబ్బా పండ్లయితే పాకం వంపెయ్యండి. సీతాఫలం మాత్రం వద్దు, వేడి తగిలితే చేదెక్కుతుంది.

అది ఉడికేలోగా అమ్మాయిలు పండ్ల మాటల్లో పడ్డారు. ఈ జిల్లాకి పండ్లలో పెద్ద పేరే ఉందని వాళ్లకి తెలీదు. సంగారెడ్డిలో ఫల పరిశోధన స్థానం ఉంది. వందలాది మామిడి రకాలను అక్కడ కాపాడుతున్నారు. రుమానీ, నీలం రకాలను కలిపి అక్కడ పుట్టించిన పొట్టి మామిడికి ‘మంజీర’ అని పేరు. చిన్న చెట్టు, ఏటా కాపు. అదే నదిలోకి నక్కవాగు కూడా వెళ్తుంది. ఒకే జిల్లాలో ఒక చోట నది పేరుతో పండు, ఇంకో చోట వాకిట్లో పండు తినాలంటే భయం.

“మరి కంపెనీలు లేకపోతే మేమెక్కడ బతకాలక్కా? మా ఊళ్లో చదివిన చదువుకి ఉద్యోగమే లేదు” అంది పార్వతీపురం అమ్మాయి. మూడేళ్ల జీతంలో తమ్ముడి ఇంజినీరింగ్ ఫీజు కట్టిందట. పెద్దమ్మ ఇద్దరు కొడుకులూ ఈ గేట్లలోకే డ్యూటీకి వెళ్తారు. ఆమె పొలం పోయింది, ఆ పొలం మీద వచ్చిన గదుల అద్దెతోనే ఆమె బతుకుతోంది. ఇక్కడ ఎవర్ని కదిపినా రెండు మాటలూ ఒకే నోట వస్తాయి. ఒకటి నిజం, ఇంకోటి అబద్ధం అనడానికి లేదు.

గిన్నె దించేసరికి గదంతా మామిడి, యాలకుల వాసన. సాయంత్రం గాలి అటునుంచి వీస్తే కిటికీ వెయ్యాల్సిందేనని మా చెల్లి చెప్పింది గానీ, ఆ రోజు మాత్రం తెరిచే ఉంచింది. నాలుగు స్టీలు ప్లేట్లలో వేడివేడిగా పెట్టి, అయిదో ప్లేటు పెద్దమ్మకి ఇచ్చాం.

ఆమె ఒక ముద్ద తిని, “మామిడిపండేనా? ఏడికెల్లి తెచ్చిండ్రు?” అంది.

“బండి మీద కొన్నాం పెద్దమ్మా.”

“మంచిగున్నది” అని మొత్తం తినేసింది. తర్వాత వాకిట్లో చెట్టుని కాసేపు చూసి, మా చెల్లిని పిలిచింది. “నువ్వు కంపెనీల నీళ్లు, మందులు పరీక్ష చేస్తవు గద బిడ్డా. మా బోరు నీళ్లు సీసాల పోసిస్త. ఏడనన్న చూపిస్తవా?”

మా చెల్లి సరేనంది. బయట ల్యాబ్‌లో ఫీజు కట్టి చేయించవచ్చని, ఎంతవుతుందో కనుక్కుంటానని చెప్పింది. ఖర్చు నలుగురం వేసుకుందామని పార్వతీపురం అమ్మాయి అప్పుడే లెక్క మొదలెట్టింది. తను రేపు పొద్దున్నే రైలెక్కే మనిషి. నేను తిరుగు ఆటో ఎక్కేసరికి పెద్దమ్మ ఖాళీ సీసా ఒకటి కడిగి, అరుగు మీద బోర్లించి ఆరబెట్టింది.