పిరమిడ్ టైటిల్సులో ఎవరి పేరుంది?

2001లో వచ్చిన ‘కభీ ఖుషీ కభీ గమ్’ పాట గుర్తుందా? షారూఖ్, కాజోల్, వెనక పిరమిడ్లు, చుట్టూ ఇసకే ఇసక! కైరోలో పొద్దున్నే టూరిస్టు వ్యానెక్కితే, మేడల సందుల్లోంచి ఉన్నట్టుండి ప్రత్యక్షమయ్యాయవి. గిజా ఊరు వాటి పాదాలదాకా వచ్చేసింది మరి. కెమెరా ఎటు తిప్పకూడదో సినిమావాళ్లకు బాగా తెలుసు!

ఖుఫూ పిరమిడ్ కట్టిననాటి ఎత్తు సుమారు 146 మీటర్లు. రాళ్లు 23 లక్షలని అంచనా.

“బానిసల్ని కొరడాలతో బాది కట్టించారు కదా?” అన్నాడు వ్యానులో ఒకాయన.

“అది సినిమాల్లో, సార్!” అని నవ్వాడు గైడు. 1990లో ఆ పనివాళ్ల సమాధులు పక్కనే బయటపడ్డాయట. బానిసలైతే రాజుగారి పక్కన చోటిస్తారా? విరిగిన ఎముకలకు కట్టుకట్టి నయం చేసిన ఆనవాళ్లూ దొరికాయి.

అసలు ముచ్చట వేరే ఉంది. రాజుగారి గది పైన, ఎవరి కంటా పడని అరల్లో, ఎర్రరంగుతో జట్టు పేరు రాసుకున్నారు వాళ్లు - ‘ఖుఫూ మిత్రులు’ అని! (అచ్చం మన అభిమాన సంఘాల్లా లేదూ?) నాలుగున్నర వేల ఏళ్లనాటి టైటిల్ కార్డు!

నడుం వంచుకుని లోపలికెక్కాం. గ్రానైటు గదిలో మూతలేని రాతి శవపేటిక ఒక్కటే ఉంది, అదీ ఖాళీగా. గోడల మీద బొమ్మ లేదు, అక్షరం లేదు. అందరూ ఆ పేటికను ఫోటోలు తీస్తున్నారు. నేను కప్పుకేసి చూస్తూ నిలబడ్డాను.