మందుల డబ్బాలోంచి వచ్చిన మత్తు

ఛత్తీస్‌గఢ్ రైలు పట్నం బిలాస్‌పూర్‌కు పొలిమేరల్లో గసగసాల పొలాల్లేవు, అంతర్జాతీయ సరిహద్దూ లేదు. అయినా సూది దొరుకుతుంది. దాని వల్ల పోయినవారి లెక్క మాత్రం దొరకదు.

రాత్రి విశాఖపట్నంలో కోర్బా ఎక్స్‌ప్రెస్ ఎక్కి, పార్వతీపురం, రాయగడ దాటాక ఒడిశా కొండల నడుమ ఓ కునుకు తీసి, పొద్దున్నే రాయ్‌పూర్‌లో టీ తాగితే మరో రెండు గంటల్లో బిలాస్‌పూర్. ఒకటో నంబరు ప్లాట్‌ఫారం పొడవు సుమారు 800 మీటర్లు. దేశంలోని అతి పొడవైన ప్లాట్‌ఫారాల్లో అదొకటి. చివరి బోగీలో దిగినవాడు గేటు దాకా నడిచేసరికి హిందీ, ఛత్తీస్‌గఢీ, బెంగాలీ, ఒడియా అన్నీ చెవినబడతాయి. వాటి మధ్యలో తెలుగు కూడా. అదీ అచ్చమైన శ్రీకాకుళం తెలుగు.

దీనికి కారణం బెంగాల్ నాగ్‌పూర్ రైల్వే. 1887లో పుట్టిన ఆ కంపెనీ అడవుల్లోంచి పట్టాలు వేసుకుంటూ పోతుంటే ఉత్తరాంధ్ర జిల్లాల నుంచి జనం గ్యాంగ్‌మన్లుగా, ఫైర్‌మన్లుగా, ఖలాసీలుగా వెంట నడిచారు. ఖరగ్‌పూర్‌లో దిగినట్టే ఇక్కడా దిగారు. మూడు నాలుగు తరాలు గడిచాయి. రైల్వేతో పనిలేకుండా పైకొచ్చిన తెలుగువారూ ఉన్నారు. బిలాస్‌పూర్ బారిస్టరు ఈ.రాఘవేంద్రరావు 1936లో సెంట్రల్ ప్రావిన్సెస్‌కు తాత్కాలిక గవర్నరుగా పనిచేశారు. ఆయన పేరిట ఉన్న సభాభవనం ఊరి నడిమధ్యన ఇప్పటికీ కనబడుతుంది. 2000లో రాష్ట్రం ఏర్పడ్డాక హైకోర్టు, 2003లో ఆగ్నేయ మధ్య రైల్వే జోన్ ప్రధాన కార్యాలయం ఇక్కడికే వచ్చాయి. బొగ్గు కంపెనీ ప్రధాన కార్యాలయం అంతకుముందు నుంచే ఉంది. జీతాలు సమయానికి అందే ఊరు ఇది.

స్టేషన్లో రవీంద్రనాథ్ ఠాగూర్ కవిత ఒకటి రాసిపెట్టారు. 1918లో వచ్చిన 'పలాతక' సంపుటిలోని 'ఫాంకి' అది. ఆ మాటకు మోసమని అర్థం. జబ్బుపడిన భార్యను గాలిమార్పు కోసం తీసుకెళుతున్న ఒకాయన బిలాస్‌పూర్‌లో రైలు మారాల్సి వచ్చి గంటల తరబడి ఆగుతాడు. అక్కడ పరిచయమైన కూలీ భార్య రుక్మిణికి, ఆమె కూతురి పెళ్ళి ఖర్చుకు పాతిక రూపాయలు ఇమ్మని భార్య అడుగుతుంది. ఆయన రెండు రూపాయలిచ్చి, మొత్తం ఇచ్చానని భార్యకు చెబుతాడు. భార్య పోయాక మనసు కుదరక బాకీ తీర్చడానికి మళ్ళీ వస్తే రుక్మిణి ఉండదు. ఎక్కడికి పోయిందో సరిగా చెప్పగలవారూ ఉండరు. స్టేషన్ గోడ మీద పెట్టుకోవడానికి ఈ ఊరు పొగడ్తల పద్యం కాకుండా ఇలాంటి కవితను ఎంచుకోవడం నాకు నచ్చింది.

రైల్వే కాలనీలో బుధవారీ బజార్ పేరుకే బుధవారం సంత. రోజూ జనమే. అక్కడ కూరగాయలు ఏరుకుంటున్న ఒక పెద్దాయన నా ఫోన్ సంభాషణ విని పలకరించారు. "ఏటి బాబూ, మనోళ్ళేనా? ఏ ఊరు?" ఆయన డ్రైవరుగా రిటైరయ్యారు. ఇప్పుడు లోకో పైలట్ అంటారని నేను గుర్తు చేస్తే ఒప్పుకోలేదు. వాళ్ళ తాత బొబ్బిలి దగ్గర్నించి వచ్చారట. టీ తాగించి, ఏ పని మీద వచ్చానో తెలుసుకుని కాసేపు ఊరుకున్నారు. ఆ తర్వాత పేరు రాయొద్దన్న షరతు మీద పక్క క్వార్టర్ కుర్రవాడి సంగతి చెప్పారు.

"ఐటీఐ చదివినోడు బాబూ. సూదికి అలవాటు పడ్డాడు. ఇంట్లో గిన్నెలు కూడా అమ్మేసినాడు. ఆళ్ళమ్మ అప్పు చేసి మానిపించే చోట మూడు నెలలు పెట్టింది. బాగై వచ్చినాడు, ఒళ్ళు కూడా చేసినాడు. మా వోడు మానేసినాడని ఆవిడ అందరికీ మిఠాయి పంచింది. నాలుగో రోజు పొద్దున్న బాత్రూం తలుపు బద్దలుకొట్టి తీసినాం." కాగితం మీద ఏం రాశారని అడిగాను. "గుండె ఆగిపోయిందని. గుండె ఆగకుండా ఎవులు చస్తారు బాబూ?"

ఆ చివరి ప్రశ్న పట్టుకునే నేను ఊరంతా తిరిగాను.

మత్తు అనగానే మనకు తోచేవి పంజాబ్‌లో సరిహద్దు దాటొచ్చే హెరాయిన్, మణిపూర్‌లో మయన్మార్ నుంచి దిగే సరుకు. బిలాస్‌పూర్ కథ వేరు. ఇక్కడ పోలీసులు తరచూ పట్టుకునేవి బుప్రెనార్ఫిన్ ఇంజెక్షన్లు, ట్రమడాల్ ఉన్న గొట్టాలు, కోడీన్ కలిసిన దగ్గుమందు. పెంటాజోసిన్ ఇంజెక్షన్ వాడకం కూడా మధ్య భారతంలో పాత సంగతే. అన్నీ మన కంపెనీలు తయారుచేసిన, చీటీ ఉంటే చట్టబద్ధంగానే దొరికే నొప్పి మందులు, దగ్గు మందులు. గసగసాల జిగురులోని రసాయనాలో, వాటిలాగే మెదడు మీద పనిచేసేలా ఫ్యాక్టరీలో తయారైనవో. మన ముత్తాతల నాటి నల్లమందుకు ఇవి మనుమలు. 19వ శతాబ్దంలో విశాఖ ఏజెన్సీలో మలేరియా జ్వరానికి విరుగుడని నల్లమందు ఉండ మింగటం మామూలే. అప్పట్లో అది మింగేది. ఇప్పుడు నరంలోకి ఎక్కించేది. తేడా అంతా అక్కడే ఉంది.

ఎందుకంటే సూది ఒకరితో ఆగదు. అమెరికాలోని జాన్స్ హాప్కిన్స్ విశ్వవిద్యాలయం, చెన్నైలోని వైఆర్‌జీ కేర్ పరిశోధకులు 2013లో దేశంలోని 15 నగరాల్లో ఇంజెక్షన్ మత్తుకు అలవాటుపడిన 14,481 మందిని పరీక్షించారు. ఇంఫాల్, ఐజ్వాల్, అమృత్‌సర్, ఢిల్లీ, ముంబై లాంటి ఊహించదగ్గ పేర్ల సరసన బిలాస్‌పూర్ కూడా ఉంది. నగరాన్ని బట్టి వారిలో హెచ్ఐవీ ఉన్నవారు సుమారు 6 శాతం నుంచి 45 శాతం దాకా తేలారు. దేశ జనాభా మొత్తం మీద వయోజనుల్లో ఆ అంకె 0.2 శాతం దరిదాపుల్లో ఉంటుందని గుర్తుంచుకుంటే తీవ్రత అర్థమవుతుంది. హెపటైటిస్-సి సంగతీ అంతే, మూడోవంతుకు పైగా సోకింది. ఒకే సిరంజిని నలుగురు పంచుకుంటే జరిగేది ఇదే. పెంటాజోసిన్ అయితే మరో శిక్ష కూడా వేస్తుంది. పొడిచిన చోట కండ చెక్కలా గట్టిపడి, మానని పుండ్లు పడతాయి. నిండు ఎండాకాలంలో పొడుగు చేతుల చొక్కా గుండీలు మణికట్టు దాకా పెట్టుకున్న కుర్రవాడు కనబడితే ఈ ఊళ్ళో ఎవరూ ఫ్యాషన్ అనుకోరు.

దేశం లెక్క కూడా చూద్దాం. సామాజిక న్యాయ మంత్రిత్వశాఖ కోసం ఎయిమ్స్ చేసిన సర్వే 2019లో వెలువడింది. దాని ప్రకారం నల్లమందు జాతి మత్తు వాడేవారు 2.26 కోట్ల మంది. వారిలో చికిత్స లేకుండా బయటపడలేనివారు సుమారు 77 లక్షలు. ఈ 77 లక్షల్లో సగానికి పైగా ఎనిమిది రాష్ట్రాల్లోనే ఉన్నారు. ఉత్తరప్రదేశ్, పంజాబ్, హర్యానా, ఢిల్లీ, మహారాష్ట్ర, రాజస్థాన్, గుజరాత్‌లతోబాటు ఆ జాబితాలో ఆంధ్రప్రదేశ్ కూడా ఉంది. మనవాళ్ళు గంజాయి గురించి మాట్లాడినంతగా దీని గురించి మాట్లాడరు.

మరి చనిపోయేవారెందరు? జాతీయ నేర రికార్డుల బ్యూరో 2022లో దేశం మొత్తం మీద మత్తు మోతాదు మించి పోయినవారు 681 మంది అంటోంది. అదే ఏడాది అమెరికాలో ఆ సంఖ్య లక్షా 7 వేల పైచిలుకు. 2024కు అది దాదాపు 80 వేలకు తగ్గింది. ఫెంటనిల్ అనే భయంకరమైన సరుకు అక్కడ వీధుల్లో ప్రవహించింది, ఇక్కడ అంతగా లేదు, నిజమే. కానీ 77 లక్షల మంది రోగుల దేశంలో 681 అనే అంకెను నమ్మాలంటే చాలా భక్తి కావాలి. పోలీసులకు కబురు వెళ్ళాలి, పోస్టుమార్టం జరగాలి, అవయవాల నమూనాలు ఫోరెన్సిక్ ల్యాబుకు చేరాలి, అక్కడ ఆ మందు కోసం వెతకాలి. పరువు కోసం తల్లిదండ్రులు మొదటి మెట్టు దగ్గరే ఆగిపోతారు. ఆ పక్క క్వార్టర్ కుర్రవాడు ఆ 681లో లేడు.

అతను మానేసి ఇంటికొచ్చిన నాలుగో రోజునే పోవటం కాకతాళీయం కాదు. మత్తుకు అలవాటుపడిన శరీరం మోతాదును తట్టుకుంటూ వస్తుంది. మూడు నెలలు మానేస్తే ఆ తట్టుకునే శక్తి పోతుంది. కోరిక మాత్రం పోదు. తిరిగొచ్చినవాడు పాత లెక్క ప్రకారమే సిరంజి నింపుతాడు. మెదడు ఊపిరి తీసుకోమని చెప్పడం మానేస్తుంది. మత్తు పెరగడానికని అలర్జీ మందో, నిద్ర మందో కలిపితే పని ఇంకా త్వరగా అవుతుంది. జైలు నుంచి, డీ-అడిక్షన్ కేంద్రం నుంచి బయటికొచ్చిన తొలి రోజులే అన్నిటికంటే ప్రమాదమని వైద్యులకు ఎప్పట్నించో తెలుసు. తల్లులకే ఎవరూ చెప్పరు. నాలోక్సోన్ అనే విరుగుడు ఇంజెక్షన్ నిమిషాల్లో ఊపిరి తెప్పిస్తుంది. ప్రభుత్వ అత్యవసర మందుల జాబితాలో కూడా ఉంది. కానీ అది ఆసుపత్రి అల్మారాలో ఉంటుంది, ప్రాణం పోయేది బాత్రూంలో.

మందులంటే బిలాస్‌పూర్‌కు మరో చేదు జ్ఞాపకం ఉంది. 2014 నవంబరు 8న ఊరి శివారు పెండారీలో ఒకే రోజు 83 మంది మహిళలకు కుటుంబ నియంత్రణ ఆపరేషన్లు చేశారు. ఆ జిల్లా శిబిరాల తర్వాత 13 మంది చనిపోయారు. మాత్రల్లో ఎలుకల మందు కలిసిందన్నది ఒక వాదన, వైద్యుల నిర్లక్ష్యమన్నది ఇంకొకటి. ఆ రెండు వాదనల మధ్య మందులపై నిఘా ఎంత పలచగా ఉందో అందరికీ తెలిసొచ్చింది.

సర్కారు చేతులు ముడుచుకుని కూర్చోలేదు. 2018 ఏప్రిల్‌లో ట్రమడాల్‌ను మాదకద్రవ్యాల చట్టం కిందికి తెచ్చింది. 2019 నుంచి రైల్వే రక్షణ దళానికి కూడా ఆ చట్టం కింద సోదా చేసి అరెస్టు చేసే అధికారముంది. 2023లో బిలాస్‌పూర్ పోలీసులు 'నిజాత్' పేరిట దాడులు, ప్రచారం, కౌన్సెలింగ్ కలిపి నడిపారు. అయినా ఒక మందు దొరకడం కష్టమైతే ఇంకొకటి దాని చోట్లోకి వస్తుంది. మన మాత్రలు దేశం దాటి కూడా పోతున్నాయి. ట్యాపెంటడాల్, కారిసోప్రొడాల్ కలిపిన మాత్రలు మన దేశం నుంచి పశ్చిమ ఆఫ్రికా వీధులకు చేరుతున్నాయని బీబీసీ బయటపెట్టాక 2025 ఫిబ్రవరిలో గానీ వాటి తయారీ, ఎగుమతి అనుమతులు రద్దు కాలేదు.

ఇందులో ఒక విడ్డూరముంది. 1985 నాటి మాదకద్రవ్యాల చట్టం వచ్చాక మార్ఫిన్ లైసెన్సుల తలనొప్పి భరించలేక చాలా ఆసుపత్రులు దాన్ని ఉంచుకోవడమే మానేశాయి. క్యాన్సర్ రోగులు నొప్పితో అరుస్తూ పోయారు. 2014లో చట్టాన్ని సవరించి సడలించినా అలవాటుపడిన భయం అంత తేలిగ్గా పోలేదు. చీటీ ఉన్న ముసలాయనకు దొరకని ఉపశమనం చీటీ లేని కుర్రవాడికి సందు చివర దొరుకుతోంది.

దారి లేదని కాదు. బుప్రెనార్ఫిన్‌నే మాత్రగా రోజూ నర్సు కళ్ళెదుట నాలుక కింద పెట్టించే చికిత్సను జాతీయ ఎయిడ్స్ నియంత్రణ సంస్థ 2007-08 నుంచి తన కార్యక్రమంలో చేర్చుకుంది. ఇంజెక్షన్‌గా వీధిలో ప్రాణం తీసే మందే మాత్రగా కేంద్రంలో నిలబెడుతుంది. ఉపసంహరణ బాధ ఉండదు, సూది అవసరం తప్పుతుంది, మనిషి పనికి వెళ్ళగలుగుతాడు. చికిత్సకు తానై ముందుకొచ్చిన వ్యసనపరుణ్ణి శిక్ష నుంచి మినహాయించే సెక్షన్ 64-ఎ కూడా ఆ పాత చట్టంలోనే ఉంది. చిక్కల్లా రోజూ రావాలి, అదీ ఏళ్ళ తరబడి. దినకూలీ చేసేవాడికి క్యూలో గడిచే గంట అంటే జీతంలో కోత. పైగా చుట్టాలకు ఇది చికిత్సలా కనబడదు. మందు మాన్పించడానికి మళ్ళీ మందేమిటంటారు. గదిలో పెట్టి తాళం వేసే చోటే వారికి ఆసుపత్రిలా కనిపిస్తుంది. ఆ తాళం తీశాక నాలుగో రోజున ఏం జరుగుతుందో పైన చెప్పాను.

తిరుగు ప్రయాణం సాయంత్రం పెద్దాయన స్టేషన్‌కు వచ్చారు. నన్ను సాగనంపడానికనుకున్నాను. అదొక్కటే కాదు. రిజర్వేషన్ కౌంటర్లో తిరుపతి రైలుకు రెండు టిక్కెట్లు తీసుకోవాలట, పక్క క్వార్టర్ ఆవిడకీ, తోడుగా తన భార్యకీ.

"కొడుకు సూది మానేస్తే తలనీలాలిస్తానని మొక్కుకుంది బాబూ. ఇప్పుడెందుకమ్మా అంటే, ఆడు మానేసే కదా పోయినాడు, మొక్కు మొక్కే అంటోంది."

ఒకటి బెర్తు ఖాయమైంది. రెండోది ఆర్ఏసీ.