చెప్పే రోజు ఎవరి చేతిలో ఉండాలి?



ఈ భాగంలో కొంచెం దూరం వెళ్దాం. కరేబియన్ సముద్రం ఒడ్డున ప్యూర్టో రికో అని ఒక చిన్న దీవి ఉంది. 1898 నుంచి అది అమెరికా చేతిలో ఉంది. 1917 నుంచి అక్కడి జనం అమెరికా పౌరులు. కానీ ఆ దీవిలో కాపురం ఉన్నంతకాలం అమెరికా అధ్యక్ష ఎన్నికలో ఓటు వేయలేరు. పౌరులు అవునా అంటే అవును. ఓటుందా అంటే లేదు. అట్లాంటి దీవి రాజధాని శాన్ హువాన్‌లో 1971 డిసెంబరు 24న ఎన్రికే మార్టిన్ మొరాలెస్ అనే పిల్లవాడు పుట్టాడు. లోకానికి రికీ మార్టిన్‌గా తెలిసింది ఇతనే.

మనలో కొంతమందికి ఇతను పాటగా గుర్తుంటాడు. ఇంకొంతమందికి నడుముగా గుర్తుంటాడు. నాకు మాత్రం అతను చెప్పని ఒక జవాబు వల్ల గుర్తున్నాడు. దాని గురించే ఈ వ్యాసం.

ముందు కథ చెప్పుకుందాం. ప్యూర్టో రికోలో 'మెనూడో' అని పిల్లల పాటల బృందం ఉండేది. 1977లో మొదలైంది. అందులో చేరాలని రికీ రెండుసార్లు పరీక్షకు వెళ్లాడు. ఆట బాగుంది, పాట బాగుంది, కానీ పొట్టిగా ఉన్నాడని పంపేశారు. మూడోసారి తీసుకున్నారు. అది 1984. అప్పటికి పన్నెండేళ్లు. ఆ బృందం పద్ధతేమిటంటే, పిల్లవాడు పెరిగితే తీసేసి ఆ చోట ఇంకో చిన్నవాణ్ణి పెడతారు. పేరు అదే, పాటలు అవే, మొహాలు మాత్రం మారతాయి. ఏ బట్టలు వేసుకోవాలి, ఏ పాట పాడాలి, అన్నీ పెద్దవాళ్లే చెప్తారు. ఐదేళ్లు అట్లా దేశాలు తిరిగి 1989లో బయటికొచ్చాడు. అంటే మన పిల్లలు ఏడో తరగతి నుంచి ఇంటర్ దాకా చదివే వయసంతా, తనని ఎట్లా చూపిస్తే అమ్ముడుపోతాడో నేర్చుకుంటూ గడిపాడన్నమాట.

తర్వాత మెక్సికో వెళ్లాడు. అక్కడ టీవీ సీరియల్లో నటించాడు. 1991లో సొంత ఆల్బమ్ తెచ్చాడు. 1994 నుంచి రెండేళ్లు అమెరికాలో 'జనరల్ హాస్పిటల్' అనే సీరియల్లో మిగెల్ అనే ప్యూర్టో రికో గాయకుడి వేషం వేశాడు. 1996లో బ్రాడ్వేలో 'లే మిజరాబ్ల్' నాటకంలో ప్రేమికుడు మారియుస్‌గా నిలబడ్డాడు. పాట, నటన రెండూ పక్కపక్కనే నడిచాయి. స్పానిష్ పాటలతోనే లాటిన్ దేశాల్లో పెద్ద పేరు వచ్చేసింది.

1998లో ఫ్రాన్స్‌లో ఫుట్‌బాల్ ప్రపంచ కప్ జరిగింది. దాని పాట ఇతనిదే. 1999 ఫిబ్రవరిలో గ్రామీ అవార్డుల వేదిక మీద అదే పాట డప్పులవాళ్లతో కలిసి పాడాడు. సూట్లు వేసుకుని బిగుసుకుని కూర్చున్న హాలంతా లేచి నిలబడింది. ఆ సంవత్సరమే మొదటి ఇంగ్లీషు ఆల్బమ్ వచ్చింది. మొదటి వారంలోనే అమెరికాలో 6,61,000 కాపీలు పోయాయి. 'లివిన్ లా వీడా లోకా' పాట ఐదు వారాలు అమెరికా మొదటి స్థానంలో కూర్చుంది. ఆ పాట రాసిన ఇద్దరిలో ఒకడు డ్రాకో రోసా. అతనూ చిన్నప్పుడు మెనూడో పిల్లవాడే.

మా హాస్టల్ టీవీ గదిలోకి రికీ వచ్చింది ఆ రోజుల్లోనే. క్రికెట్ లేని సాయంత్రం ఎవరో ఛానల్ తిప్పితే 'మారియా' పాట వచ్చేది. ఎవరికీ ఒక్క ముక్క అర్థం కాదు. అయినా అందరం పాడేవాళ్లం. పాటలో ఉన్నది స్పానిష్ అని కూడా తెలీదు. ఇంగ్లీషే అనుకునేవాళ్లం. ఆ పాడేవాడికి కూడా ఇంగ్లీషు అమ్మభాష కాదని ఎవరైనా చెప్పి ఉంటే మాకు ఎంత ధైర్యం వచ్చేదో అని ఇప్పుడు అనిపిస్తుంది.

అమెరికా పత్రికలు అప్పుడు దీన్ని 'లాటిన్ విస్ఫోటనం' అన్నాయి. జెన్నిఫర్ లోపెజ్, మార్క్ ఆంథనీ, ఎన్రికే ఇగ్లేసియాస్ అందరినీ అదే గంపలో వేశాయి. 'టైమ్' పత్రిక రికీని అట్ట మీద వేసింది. ఎక్కడి నుంచో ఊడిపడ్డట్టు మాట్లాడారు. అక్కడే పుట్టి పెరిగినవాళ్లు కూడా అందులో ఉన్నారు. పౌరుడిని కూడా అతిథిలాగా పలకరించడం ఒక విద్య. అది ఎట్లా ఉంటుందో నా పాఠకులకి ప్రత్యేకంగా చెప్పక్కర్లేదు.

ఇక అసలు సంగతి. ఆ మార్కెట్ అమ్మింది పాటొక్కటే కాదు, ఒక మగవాణ్ణి. ప్రపంచంలోని ఆడపిల్లలందరి ప్రియుడిగా అతన్ని అమ్మారు. రికీ గే. ఆ సంగతి అతనికి తెలుసు, చుట్టూ ఉన్న దగ్గరవాళ్లకి తెలుసు. బయట గుసగుసలు మొదలయ్యాయి.

2000 మార్చిలో బార్బరా వాల్టర్స్ అతన్ని ఇంటర్వ్యూ చేసింది. ఆవిడ అమెరికా టీవీలో మహా మహా నాయకుల్ని కూర్చోబెట్టి అడిగిన మనిషి. ఈ పుకార్లు ఆపడం నీ చేతిలోనే ఉంది కదా, అవునో కాదో చెప్పెయ్ అని అడిగింది. అతను తప్పుకుంటే మళ్లీ అడిగింది. కోట్ల మంది చూస్తున్నారు. అవునంటే కట్టుకున్నదంతా కూలుతుందని భయం. కాదంటే తనకి తాను అబద్ధం అవుతాడు. ఆ ముప్పై ఏళ్లు కూడా నిండని మనిషి మొహం మీద నవ్వు అట్లాగే ఉంచుకుని, చెప్పాలనిపించడం లేదని మాత్రం అన్నాడు. ఆ ప్రశ్న తన మీద దాడిలా అనిపించిందని, ఆ గాయం ఇంకా పూర్తిగా పోలేదని ఇరవై ఏళ్ల తర్వాత కూడా చెప్పుకున్నాడు.

ఆ ప్రశ్నలో ఉన్న మెత్తదనం చూడండి. తిట్టు లేదు, అరుపు లేదు. నీ మేలు కోరి అడుగుతున్నట్టే ఉంటుంది. మన వైపు దీనికి ఒక మాట ఉంది. "మీరేమిట్లు?"

2001లో నేనూ మా స్నేహితుడూ ఒక పట్నంలో అద్దె గది కోసం తిరిగాం. చెరో వీధి పంచుకున్నాం. నన్ను ఒక ఇంటావిడ మంచినీళ్లిచ్చి, ఊరడిగి, ఇంటిపేరడిగి, అవి చాలక "మీరేమిట్లు బాబూ?" అంది. చెప్పాను. మా ఆయన్ని అడిగి చెప్తానంది. ఆ ఆయన ఇప్పటికీ ఏమీ చెప్పలేదు. మావాడిని ఇంకో ఇంట్లో అడిగితే వాడు మాట మార్చాడు. గది దొరికింది. మూడేళ్లు ఉన్నాడు. ఆ మూడేళ్లూ ఆదివారం కూర పొయ్యి మీద పెడితే కిటికీ వేసేవాడు. ఊరి నుంచి వాళ్లమ్మ వస్తానంటే వీడే బస్సెక్కి ఊరెళ్లేవాడు. చెప్పినందుకు నేను కట్టింది ఒక్క రోజు ఖరీదు. చెప్పనందుకు వాడు వెయ్యి రోజులు కట్టాడు. మా ఇద్దరిలో ఎవడు ధైర్యవంతుడు అని వాదించేవాళ్లు ఇప్పటికీ ఉన్నారు. అడిగినావిడ గురించి మాత్రం ఎవరూ మాట్లాడరు.

రికీ కిటికీ పదేళ్లు మూసే ఉంది. ఆ పదేళ్లలో ఆల్బమ్‌లు వచ్చాయి, ప్రపంచ యాత్రలు జరిగాయి. 2008లో సరోగసీ ద్వారా కవల మగపిల్లలు పుట్టారు. తన ఆత్మకథ రాయడానికి కూర్చున్నాడు. 2010 మార్చి 29న, ఏ టీవీలోనూ కాదు, తన సొంత వెబ్‌సైట్‌లో ఒక ఉత్తరం పెట్టాడు. నేను గే, అందుకు నేను అదృష్టవంతుణ్ణి అని రాశాడు. అప్పటికి 38 ఏళ్లు.

ఆ ఉత్తరంలో నన్ను ఆపిన సంగతి ఇంకొకటుంది. ఇన్నేళ్లూ చెప్పొద్దని అతన్ని ఆపింది శత్రువులు కాదు. ఇప్పుడెందుకు, ఇంత కష్టపడి కట్టుకున్నది కూలిపోతుంది, జనం సిద్ధంగా లేరు అని చెప్పిందంతా తనని ప్రాణంగా చూసుకునేవాళ్లేనట. ప్రేమతోనే చెప్పారు. ప్రేమతో చెప్పిన మాట దాటడం కష్టం. తన పిల్లలు ఇదే దాపరికంలో పెరగకూడదు అనుకున్నాక ఆ మాట దాటగలిగాడు.

అదే ఏడాది బార్బరా వాల్టర్స్ కూడా, వెనక్కి తిరిగి చూసుకుంటే ఆ ప్రశ్న అడగకుండా ఉండాల్సిందని ఒప్పుకుంది. పెద్ద మనసే. కానీ ఆ పదేళ్లు ఎవరు తిరిగిస్తారు?

ఇక్కడ ఒక మాట సూటిగా చెప్పాలి. ఇదీ అదీ ఒకటే అని నేను తూకం వేయడం లేదు. మన బాధ మన అమ్మానాన్నలకి కూడా ఉన్న బాధ. తన్నులు తిని ఇంటికొస్తే ఇంట్లో వాళ్లకి అర్థమవుతుంది. గే పిల్లవాడికి చాలాసార్లు మొదటి వీధి తన ఇల్లే. ఇంకో తేడా కూడా ఉంది. రికీకి డబ్బుంది, తెల్లటి ఒళ్లుంది, దాచుకునే వీలుంది. నడకలోనే తెలిసిపోయేవాళ్లకి, సిగ్నళ్ల దగ్గర చప్పట్లు కొట్టి బతికే హిజ్రా అక్కలకి ఆ వీలు ఏ రోజూ లేదు. వాళ్లు దాచుకోలేకపోయిన చోట నిలబడి రాళ్లు తిన్నారు కాబట్టే, తర్వాత వచ్చినవాళ్లు ఉత్తరం రాసుకోగలిగారు.

చెప్పాక అతని బతుకేమీ కూలిపోలేదు. 2012లో బ్రాడ్వేలో 'ఎవీటా' నాటకంలో చే పాత్ర వేశాడు. 2018లో జియాన్ని వెర్సాచే హత్య మీద వచ్చిన సిరీస్‌లో, ఆయన సహచరుడు ఆంటోనియో డామికోగా నటించి ఎమ్మీ నామినేషన్ తెచ్చుకున్నాడు. అందులో, తన మనిషి చచ్చిపోయిన రోజే పోలీసులు ఆంటోనియోని కూర్చోబెట్టి, మీ ఇద్దరి మధ్య సంబంధం ఏమిటని తవ్వుతారు. ఒంటి మీది బట్టలకి ఇంకా నెత్తురే ఉంటుంది. ఆ ప్రశ్న ముందు ఎట్లా కూర్చోవాలో ఆ నటుడికి వేరే ఎవరూ నేర్పక్కర్లేదు.

ఇక 2019. అంతకు రెండేళ్ల ముందు, 2017 సెప్టెంబరులో, మారియా అనే తుపాను ప్యూర్టో రికోని తుడిచిపెట్టింది. చచ్చిపోయింది 64 మందే అని ప్రభుత్వం నెలల తరబడి చెప్పింది. తర్వాత 2,975 అని ఒప్పుకోవాల్సొచ్చింది. 2019 జులైలో అక్కడి పరిశోధక పాత్రికేయులు, గవర్నర్ రికార్డో రొసెయో తన మనుషులతో నడిపిన రహస్య చాట్ 889 పేజీలు బయటపెట్టారు. అందులో ఆడవాళ్ల మీద బూతులున్నాయి. తుపాను శవాల మీద జోకులున్నాయి. రికీ గే అని వెకిలి నవ్వులున్నాయి.

జనం రోడ్డెక్కారు. లక్షల మంది. బ్యాడ్ బన్నీ, రెసిడెంతే లాంటి గాయకులతో పాటు రికీ కూడా వచ్చాడు. లారీ మీద నిలబడి ఇంద్రధనస్సు జెండా ఊపాడు. 2000లో ఏ పేరు తన నోటి నుంచి రాకుండా చచ్చేంత భయపడ్డాడో, ఆ పేరుతో పాలకులు నవ్వుకుంటే దాన్నే జెండా చేసి పట్టుకున్నాడు. పక్కన నిలబడ్డవాళ్లలో తుపానులో తల్లిని పోగొట్టుకున్నవాళ్లున్నారు, కరెంటు లేక నెలలు గడిపినవాళ్లున్నారు. శవాలని నవ్వినవాడూ, గేలని నవ్వినవాడూ, ఆడవాళ్లని నవ్వినవాడూ ఒకే గదిలో కూర్చున్నారని ఆ దీవికి అర్థమైంది. జులై 24 రాత్రి గవర్నర్ రాజీనామా ప్రకటించాడు.

ఆ లారీ ఫోటో నేను చాలా మీటింగుల్లో చూపించాను. ఈ మధ్య ఒకసారి మీటింగ్ అయ్యాక ఒక తమ్ముడు నాతో పాటు బస్టాండ్ దాకా నడిచాడు. చాలాసేపు ఏమీ మాట్లాడలేదు. చివరికి, "అన్నా, మనవాళ్లలో కూడా అట్లాంటోళ్లుంటే, మన మీటింగుల్లో కూర్చోనిస్తారా?" అన్నాడు.

ఎవరి గురించి అడుగుతున్నావ్ అని నేను అడగలేదు. "కూర్చోనిస్తారు. నిలబడి మాట్లాడతానన్నా మైకిస్తారు. ఎప్పుడు మాట్లాడాలో వాళ్లిష్టం" అన్నాను.

ఆ మాట నేను మనందరి తరఫున ఇచ్చేశాను మిత్రులారా. వచ్చే మీటింగులో మీ పక్క కుర్చీలో ఎవరు కూర్చుంటారో నాకు తెలీదు. కుర్చీ జరపండి. ఏమిట్లని అడగకండి.

జై భీమ్.