వాళ్ళు అన్నం ఎప్పుడు తింటరే?

"ఇంతసేపటి నుంచి ఎగురుతుండ్రు గదా... వాళ్ళు అన్నం ఎప్పుడు తింటరే?"

టీవీలో విదేశాల పాట వచ్చినప్పుడల్లా మా అమ్మ అడిగే ప్రశ్న ఇది. హీరో గారు ఈఫిల్ టవర్ కింద ఒక చరణం, మంచు కొండ మీద ఇంకో చరణం పాడేస్తారు. హీరోయిన్ గారు నాలుగు నిమిషాల్లో ఏడు చీరలు మార్చేస్తారు. ఒక్కరికైనా ఆకలి వేయదు! ఒక్కరూ ఒక హోటల్లోకి తొంగిచూసి "ఇవాళ ఏముందయ్యా?" అని అడగరు. స్టేషన్ పక్కన మిరపకాయ బజ్జీల బండి పెట్టుకుని బతికిన మనిషి కదా, అమ్మ కళ్ళు ముందు అక్కడికే పోయేవి. నేను పకపకా నవ్వేసేదాన్ని.

అమ్మ పోయి మూడేళ్ళయింది. ఇప్పుడు ఆ ప్రశ్న పట్టుకునే నేనూ, నాన్నా యూరప్ బయల్దేరుతున్నాం. 'కారేపల్లి నుంచి యూరపా!' అని మీరు నవ్వుకుంటే నవ్వుకోండి. మా బంధువులు అప్పుడే నవ్వేశారు.

ముందు మా ఊరి సంగతి చెప్పాలి. డోర్నకల్ నుంచి భద్రాచలం రోడ్డుకు పోయే లైనులో కారేపల్లి ఒక జంక్షను. ఇల్లందు వైపు బొగ్గు లైను ఇక్కడే చీలుతుంది. చుట్టూ తండాలు, తునికాకు అడవులు, మిర్చి చేలు. నాన్న ఇక్కడే పాయింట్స్‌మన్‌గా చేసి రిటైరయ్యాడు. ముప్ఫై ఏళ్ళకు పైగా బొగ్గు బండ్లకు దారి మార్చిన మనిషి, తాను మాత్రం విజయవాడ దాటి పోలేదు. సినిమాల సంగతి వేరు! ఖమ్మంలో 'సంగమ్' మళ్ళీ ఆడినప్పుడు డ్యూటీ దిగి, బట్టలు కూడా మార్చుకోకుండా వెళ్ళి చూశాడట. 1964లో రాజ్‌కపూర్ గారు తీసిన ఆ సినిమాలోనే మనవాళ్ళు ఎంతోమంది వెనిస్, పారిస్, స్విట్జర్లాండులను రంగుల్లో చూశారు. "నీళ్ళల్లో ఊరు ఎట్ల నిలబడ్డదో ఒక్కసారి చూడాలె" అని నాన్న ఎప్పుడో అన్న మాట నాకు గుర్తుండిపోయింది.

అమ్మ పోయాక నాన్న తిండి మానలేదు. రుచి మానేశాడు. ముందు పెట్టింది తింటాడు. ఉప్పు ఎక్కువైందో, కారం తక్కువైందో చెప్పడు. "ఎట్లుంది నాన్నా?" అంటే "తిన్న గదా" అంటాడు. ఆ 'తిన్న గదా' వింటే నాకు భయం వేసేది. అందుకే ఒక ఆదివారం హైదరాబాద్ నుంచి వచ్చి, యూరప్ మ్యాపు తెచ్చి ఆయన మంచం మీద పరిచాను.

మొదటి ప్లాను నాదే. సిగ్గుపడకుండా చెబుతున్నాను, అది అచ్చంగా సినిమా పాటల ప్లాను! 'మన్మథుడు' (2002) కోసం పారిస్, 'ఇద్దరమ్మాయిలతో' (2013) కోసం బార్సిలోనా, 'దిల్‌వాలే దుల్హనియా లే జాయేంగే' (1995) కోసం స్విట్జర్లాండు, 'తొలిప్రేమ' (2018) కోసం లండన్, 'రాధేశ్యామ్' (2022) కోసం ఇటలీలో మూడు ఊళ్ళు. అన్నట్టు, 'రాధేశ్యామ్'లో మనం చూసిన ఇటలీ అంతా ఇటలీ కాదు. కరోనా వచ్చిపడటంతో చాలా భాగం హైదరాబాద్‌లోనే సెట్లు వేసి తీశారు. అంటే సగం ఇటలీని నేను టిక్కెట్టు లేకుండానే చూసేశానన్నమాట!

'నాటు నాటు' కోసం కీవ్ కూడా రాశాను. 2021 ఆగస్టులో అక్కడి మారిన్‌స్కీ ప్యాలెస్ ముందే ఎన్టీఆర్, రామ్‌చరణ్ గార్లు ఆ స్టెప్పులు వేశారు. సరిగ్గా ఆరు నెలలకు, 2022 ఫిబ్రవరిలో, ఆ ఊరి మీద క్షిపణులు పడ్డాయి. ఆ పేరు కొట్టేస్తుంటే నా చెయ్యి ఆగింది. పాటలో హీరో వెనక కనిపించేది తెర మీద బొమ్మ కాదు. అది నిజం ఊరు. అక్కడ మనుషులు వండుకుంటారు, తింటారు, పిల్లల్ని బడికి పంపుతారు. మనం చూసిన నాలుగు నిమిషాల్లో వాళ్ళెవరూ లేరు, అంతే.

చివరికి తేలింది ఎనిమిది ఊళ్ళు, పన్నెండు రోజులు. నాన్న కళ్ళజోడు పెట్టుకుని చాలాసేపు చూశాడు. తరవాత పెన్సిలు తీశాడు.

"బండి దిగి సామాను పెట్టేసరికి ఒక పూట. మళ్ళ కట్టుకుని స్టేషనుకు పోయేసరికి ఇంకో పూట. ఇట్ల ఎనిమిది సార్లు. మరి అన్నం ఎప్పుడు తింటమే?"

అమ్మ ప్రశ్న! నాన్న నోట! ఇద్దరం ఒకరి మొహం ఒకరం చూసుకున్నాం. కాసేపు ఎవరమూ మాట్లాడలేదు.

"ముందు ఏం తినాలనో రాయి బిడ్డా. ఊరు తరవాత రాద్దాం" అన్నాడు నాన్న. ఆ పూటే నా ఎనిమిది ఊళ్ళ ప్లాను చింపేశాం.

ఖమ్మం జిల్లా వాళ్ళం, ముందు ఏం రాస్తాం? మిరపకాయ! అసలు మిరపకాయ మనది కాదని మీకు తెలుసా? పుట్టిల్లు అమెరికా ఖండం. కొలంబస్ ప్రయాణాల తరవాత ఓడలెక్కి యూరప్ చేరింది, అక్కడి నుంచి పోర్చుగీసు వాళ్ళతో మన దేశానికి వచ్చింది. యూరప్‌లో దాన్ని నెత్తిన పెట్టుకున్న దేశం హంగరీ. వాళ్ళు పప్రికా అంటారు. సెగెడ్ అనే ఊళ్ళో ఆ పప్రికా నుంచే విటమిన్-సి ని దండిగా తీసిన సెంట్ జార్జీ అనే శాస్త్రవేత్తకు 1937లో నోబెల్ బహుమతి వచ్చింది. రాజధాని బుడాపెస్ట్‌లో 1897లో కట్టిన పెద్ద మార్కెట్ ఉంది. అందులో ఎండుమిరప దండలు తోరణాల్లా వేలాడుతుంటాయి. ఫొటో చూపిస్తే నాన్న మొహంలో చాలా రోజుల తరవాత ఒక వెలుగు కనిపించింది. "తొడిమ తియ్యలే వీళ్ళు" అన్నాడు!

ఆ దేశంలో హాలాస్లే అని ఎర్రటి చేపల పులుసు చేస్తారు, పప్రికా దట్టించి. లాంగోష్ అని పిండిని పెద్ద పూరీలా నూనెలో వేయించి, వేడి వేడిగా బండ్ల మీద అమ్ముతారు. "నూనెల వేయించేది ఉంటే నేనొస్త" అన్నాడు నాన్న. బుడాపెస్ట్‌కి నాలుగు రాత్రులు!

అక్కడి నుంచి రైల్లో వియన్నా. అక్కడ కాఫీ హోటళ్ళే ఒక సంస్కృతి. ఒక్క కాఫీ చెప్పి, పేపరు చదువుకుంటూ గంటలు గంటలు కూర్చోవచ్చు. కాఫీతో పాటు చిన్న గ్లాసులో మంచినీళ్ళు పెడతారు. "మన స్టేషన్ చాయ్ హోటలే" అని నాన్న తేల్చేశాడు. అయితే వియన్నా ఆయనకు నచ్చింది కాఫీకి కాదు. వియన్నా నుంచి వెనిస్ వెళ్ళే పగటి రైలు సెమ్మరింగ్ కొండలెక్కి పోతుంది. 1848 నుంచి 1854 దాకా, డైనమైట్ పుట్టక ముందే కట్టిన లైను. 41 కిలోమీటర్లలో 14 సొరంగాలు, 16 పెద్ద వంతెనలు! కట్టించిన ఇంజనీరు గెగా పుట్టింది వెనిస్‌లోనే. నేను విమానం చవకని చెప్పబోతే నాన్న వినలేదు. "ఆ లైను మీద పోకపోతే నేను రైల్వేల చేసినట్టే కాదు."

వెనిస్ 'సంగమ్' కోసం. పాట కోసం ఉంచుకున్న ఊరు అదొక్కటే. అక్కడా తిండి లెక్క తప్పలేదు. రియాల్టో చేపల మార్కెట్ ఆది, సోమవారాల్లో ఉండదు కాబట్టి వారం మధ్యలో చేరేట్టు రోజులు సర్దాం. చికెట్టి అని చిన్న చిన్న ముక్కలు నిలబడే తినే కొట్లు ఉంటాయట. పడవ ఖరీదెంతో చూసి నాన్న గతుక్కుమన్నాడు, "ఒడ్డున నిలబడి చూస్తే పైసలు అడగరు గదా?" అన్నాడు.

ఆఖరున నేపుల్స్, పిజ్జా పుట్టిల్లు. అక్కడి పిజ్జా చేసేవాళ్ళ చేతి పనిని 2017లో యునెస్కో తన జాబితాలో చేర్చింది. ఇటలీలో చాలా హోటళ్ళు మధ్యాహ్నం మూడు కల్లా వంటిల్లు మూసేసి, మళ్ళీ రాత్రి ఏడు తరవాతే తెరుస్తాయి. మనలాగా నాలుగింటికి 'భోజనం ఉందా?' అంటే పస్తే! నాన్న తన నోటు పుస్తకంలో బండ్ల టైముల పక్కనే వంటిళ్ళ టైములూ గీతలు కొట్టి రాసుకున్నాడు.

ఇక పనికొచ్చే సంగతులు. మీలోనూ బయల్దేరేవాళ్ళు ఉండవచ్చు కదా! ఈ మూడు దేశాలకూ కలిపి ఒకటే షెంజెన్ వీసా. లండన్‌కి వేరే వీసా కావాలి, అందుకే లండన్ ఎగిరిపోయింది. ఏ దేశంలో ఎక్కువ రాత్రులుంటే ఆ దేశానికే దరఖాస్తు పెట్టాలి. హంగరీ నాలుగు, ఆస్ట్రియా మూడు, ఇటలీ ఆరు, కాబట్టి మాది ఇటలీకి. పెద్దవాళ్ళకు ఫీజు 2024 జూన్ నుంచి 90 యూరోలు. ముప్ఫై వేల యూరోలకు తగ్గని వైద్య బీమా తప్పనిసరి. ప్రయాణానికి ఆరు నెలల ముందు నుంచి పెట్టుకోవచ్చు, ఆఖరి పదిహేను రోజుల దాకా ఆగకూడదు. పాలు, మాంసం, వాటితో చేసినవి అక్కడికి తీసుకుపోనివ్వరు. కాబట్టి నెయ్యి, కోవా ఇంట్లోనే ఉంటాయి.

ఇంకోటి. టిక్కెట్టు మీద ఊరి పేరు చూసి మోసపోకండి. పారిస్ పేరు పెట్టుకున్న బోవే విమానాశ్రయం పారిస్‌కి ఎనభై కిలోమీటర్ల పైన ఉంటుంది! మాకు ఇది కొత్త కాదు లెండి. 'భద్రాచలం రోడ్డు' అని బోర్డు చూసి దిగితే రాముడు కనిపించడు, కొత్తగూడెం కనిపిస్తుంది. గుడికి ఇంకా నలభై కిలోమీటర్లు!

అసలు గొడవ డబ్బు దగ్గర వచ్చింది. నా ఖర్చు నా జీతంలోంచి. నాన్న ఖర్చు? అమ్మ బజ్జీల మీద రోజుకింత తీసి కట్టిన చిట్టీ డబ్బు ఉంది, నా పెళ్ళికి బంగారం కొనాలని దాచింది. "అది ముట్టుకుంటరా?" అని పెద్దత్త లేచింది. "ముసలాయన్ని వెంటేసుకుని ఆడపిల్ల ఒక్కతే దేశాలు పట్టిపోతదా?" అని మామయ్య. నేను మామయ్యకు పోతం జానకమ్మ గారి కథ చెప్పాను. ఆ కాలంలోనే మద్రాసు నుంచి ఓడెక్కి ఇంగ్లండు చూసివచ్చిన తెలుగావిడ. తెలుగులో రాసుకున్న ఆవిడ యాత్ర 1876లో ఇంగ్లీషు పుస్తకంగానూ వచ్చింది. మామయ్య వినలేదు. అత్త అంతకన్నా వినలేదు. రెండు రోజులు ఇంట్లో మాటల్లేవు. నాకూ అనుమానం పట్టుకుంది. అమ్మ ఒక దాని కోసం దాస్తే మేము ఇంకోదానికి ఖర్చు పెట్టడం న్యాయమేనా?

ఆ రాత్రి నాన్నకు నా ఫోనులో ఒక బొమ్మ చూపించాను. నేపుల్స్ పక్కన పాంపే. క్రీ.శ. 79లో అగ్నిపర్వతం బూడిద కింద పడిపోయిన ఊరు. అక్కడ తవ్వకాల్లో బయటపడిన ఒక తిండి కొట్టును 2021లో జనం చూడటానికి తెరిచారు. వీధి మూల మీద గట్టు. గట్టులో గుండ్రటి గుంటలు, వాటిలో కుండలు. ముందు గోడ మీద కోడి, బాతుల రంగు బొమ్మలు. ఆ కుండల్లో దొరికిన ఆనవాళ్ళను బట్టి ఏం వండారో కూడా చెప్పారు: బాతు, మేక, పంది, చేప, నత్తలు.

నాన్న ఆ బొమ్మను పెద్దది చేసి, చిన్నది చేసి, మళ్ళీ పెద్దది చేసి చూశాడు.

"మీ అమ్మ బండే గదా ఇది" అన్నాడు.

కాసేపాగి, "బజ్జీల పైసలు. తిండికే పోవాలె" అన్నాడు. మర్నాడు పొద్దున్నే తానే పోయి పెద్దత్తతో మాట్లాడి వచ్చాడు. ఏం మాట్లాడాడో నాకు చెప్పలేదు. సాయంత్రం అత్త మాత్రం ఒక సీసా నిండా ఆవకాయ పంపింది!

డెబ్బై ఏళ్ళ వయసులో నాన్న మొదటి పాస్‌పోర్టు వచ్చింది. వీసా దరఖాస్తు లోపల ఉంది. వస్తుందో రాదో వాళ్ళ చేతుల్లో ఉంది. వస్తే మార్చిలో బయల్దేరతాం. రాకపోతే మళ్ళీ పెడతాం. మీరూ పాటలు చూడండి, ఊళ్ళు ఎంచుకోండి, తప్పేం లేదు. టిక్కెట్టు కొనేముందు మాత్రం మా అమ్మ ప్రశ్న ఒక్కసారి వేసుకోండి. అక్కడి మనుషులు కనిపించేది భోజనాల వేళే.

నిన్న రాత్రి పప్పుచారు పెట్టాను. నాన్న రెండు ముద్దలు తిని తలెత్తాడు.

"ఉప్పు తక్కువైందే."

ఉప్పు డబ్బా తేవడానికి వంటింట్లోకి వెళ్ళినదాన్ని, కళ్ళు తుడుచుకుని గానీ బయటికి రాలేదు.