ఒకే మనిషి, రెండు కుర్చీలు: బలేకా ఎంబెటె గురించి

పోస్టు కొంచెం పెద్దది, తీరిగ్గా చదవండి.

ఈ గ్రూపులో మనం తరచుగా అనుకునే మాట ఒకటుంది: మనోళ్ళు కుర్చీలో కూర్చోవాలి. కరెక్టే. మా ఇంట్లో కాలేజీ గడప తొక్కింది నేనే మొదటిదాన్ని, ఆ మాట విలువ నాకు తెలుసు. కానీ కూర్చున్నాక ఏమవుతుంది అన్నది మనం అంతగా మాట్లాడుకోం. అందుకే దక్షిణాఫ్రికా పార్లమెంటుకు రెండుసార్లు స్పీకర్‌గా చేసిన బలేకా ఎంబెటె గురించి రాస్తున్నా. పొలిటికల్ సైన్స్ అసైన్‌మెంట్ కోసం చదవడం మొదలుపెట్టాను. అసైన్‌మెంట్ ఇచ్చేశాను గానీ ఆమెను వదల్లేకపోయాను.

ఎంబెటె 1949లో డర్బన్‌లో పుట్టింది. నల్లవాళ్ళకు ఓటు లేని రోజులు. ఎక్కడ ఉండాలో, ఏ బడిలో చదవాలో కూడా రంగును బట్టి ప్రభుత్వమే చెప్పేది. టీచర్ ట్రైనింగ్ చేసి పిల్లలకు పాఠాలు చెప్పింది. 1976లో, ఇరవై ఆరేళ్ళ వయసులో, దేశం వదిలి స్వాజిలాండ్ వెళ్ళిపోయింది. తర్వాత టాంజానియాలో, నిషేధంలో ఉన్న ఏఎన్‌సీ పార్టీ నడిపే రేడియో ఫ్రీడమ్‌లో పనిచేసింది. అక్కణ్ణించి కెన్యా, బోట్స్వానా, జింబాబ్వే, జాంబియా. కవితలు కూడా రాసేది. 1990లో నిషేధం ఎత్తేశాకే మళ్ళీ సొంత గడ్డ మీద కాలు పెట్టింది. పద్నాలుగేళ్ళు! మనం పండక్కి ఇంటికి పోకపోతేనే ఎట్లా ఉంటామో మీకు తెలుసు.

వచ్చాక 1991లో పార్టీ మహిళా విభాగానికి ప్రధాన కార్యదర్శి అయింది. 1994లో, అందరూ ఓటేసిన మొదటి ఎన్నికల్లో, ఎంపీ అయింది. అప్పుడు స్పీకర్ ఫ్రెనె జిన్‌వాలా. ఈమె మన దేశం నుంచి వెళ్ళిన పార్సీ కుటుంబాల మనిషి. ఆమె కింద ఎంబెటె 1996 నుంచి డిప్యూటీ స్పీకర్, 2004లో స్పీకర్.

ఇక్కడిదాకా చదివితే గుండె నిండిపోతుంది. అసలు కథ 2007 డిసెంబర్‌లో మొదలవుతుంది. ఆ నెల పొలోక్వానేలో జరిగిన పార్టీ మహాసభలో జాకబ్ జుమా థాబో ఎంబెకిని ఓడించి పార్టీ అధ్యక్షుడయ్యాడు. అదే సభలో ఎంబెటె పార్టీ జాతీయ చైర్‌పర్సన్‌గా ఎన్నికైంది. స్పీకర్ పదవి మాత్రం వదల్లేదు. 2008 సెప్టెంబర్‌లో ఎంబెకి రాజీనామా చేశాక కొన్ని నెలలు దేశానికి ఉపాధ్యక్షురాలిగా చేసింది. 2014లో మళ్ళీ స్పీకర్. పార్టీ చైర్‌పర్సన్ పదవి 2017 దాకా ఆమెదే. ఒక చేత్తో అధికార పార్టీ, ఇంకో చేత్తో సభ. అక్కడి రాజ్యాంగం దీన్ని వద్దనలేదు, చట్టం ప్రకారం తప్పేమీ లేదు.

మన తెలుగాయన నీలం సంజీవరెడ్డి గారు 1967లో లోక్‌సభ స్పీకర్ అయినప్పుడు కాంగ్రెస్ పార్టీకే రాజీనామా చేశారు. ఆయన్నీ ఏ చట్టం అడగలేదు. ఎందుకు చేశారా అని ఎంబెటె రెండో విడత చదువుతుంటే అర్థమైంది.

అప్పుడు దేశమంతా ఎన్‌కాండ్లా గొడవ. భద్రత పేరుతో జుమా సొంత ఇంటి దగ్గర ప్రభుత్వ డబ్బు, దాదాపు 24 కోట్ల 60 లక్షల ర్యాండ్లు, ఖర్చు పెట్టారు. అందులో ఈత కొలను ఉంది, పశువుల కొట్టం ఉంది, కోళ్ళ గూడు కూడా ఉంది! ప్రజల ఫిర్యాదులు విచారించే అధికారి థూలీ మడొన్సెలా 2014 మార్చిలో రిపోర్టు ఇచ్చి, భద్రతకు సంబంధం లేని వాటికి డబ్బు తిరిగి కట్టమంది. జుమా కట్టలేదు. అదే ఏడాది ఆగస్టులో కొత్త పార్టీ ఈఎఫ్ఎఫ్ ఎంపీలు సభలోనే "డబ్బు తిరిగి కట్టు" అని అరిచారు. గనుల్లో కూలీలు వేసుకునే ఎర్ర డ్రస్సులు, ఇళ్ళల్లో పనిచేసే ఆడవాళ్ళ యూనిఫారాలు వేసుకొని వచ్చిన ఎంపీలు వీళ్ళు. 2015 ఫిబ్రవరి 12న జుమా ప్రసంగం రోజు సభలో ఫోన్ సిగ్నల్ పనిచేయకుండా చేశారు. మళ్ళీ అదే ప్రశ్న అడిగితే ఎంబెటె ఆదేశంతో తెల్ల చొక్కాల భద్రతా సిబ్బంది వచ్చి ఈఎఫ్ఎఫ్ వాళ్ళను ఈడ్చుకుపోయారు.

రెండు మూడు రోజులకే ఒక పార్టీ సభలో వాళ్ళ నాయకుడు మలేమాను ఆమె బొద్దింక అంది. రువాండాలో 1994లో టుట్సీలను చంపే ముందు పిలిచిన పేరు అదే. ఆఫ్రికాలో ఆ మాట బరువు అందరికీ తెలుసు. తర్వాత క్షమాపణ చెప్పింది. నన్ను పట్టుకున్నది మాట కన్నా చోటు. వారం మధ్యలో సభలో తీర్పు చెప్పిన మనిషి, వారం చివర పార్టీ మైకు ముందు నిలబడి ఒక సభ్యుణ్ణి తిడుతోంది. ఆ తర్వాత ఆ సభ్యుడు చెయ్యెత్తితే న్యాయంగా చూస్తుందని ఎవరు నమ్ముతారు?

2016 మార్చి 31న రాజ్యాంగ న్యాయస్థానం తీర్పు వచ్చింది. జుమా రాజ్యాంగాన్ని పాటించలేదని చెప్పి ఆగలేదు. ఆయన్ని నిలదీయాల్సిన సభ కూడా తన బాధ్యత చేయలేదంది. అంటే ఆ కుర్చీకి కూడా మొట్టికాయ పడినట్టే.

తర్వాత ఏడాది జరిగింది నాకు చాలా ఇష్టమైన భాగం. జుమా మీద అవిశ్వాస తీర్మానం వచ్చింది. బంటు హోలొమిసా పార్టీ యూడీఎం రహస్య ఓటింగ్ అడిగింది. ఎందుకంటే అక్కడ ఎంపీలకు మనలా నియోజకవర్గాలు ఉండవు, పార్టీ ఇచ్చిన లిస్టులోంచి వస్తారు. పార్టీ బయటికి పంపితే సీటు కూడా పోతుంది. చెయ్యెత్తి ఓటేయమంటే ఎంతమందికి ధైర్యం ఉంటుంది? రహస్య ఓటింగ్ పెట్టే అధికారం నాకు లేదు అంది ఎంబెటె. ఉంది, కారణాలు ఆలోచించి నువ్వే నిర్ణయించు అని 2017 జూన్ 22న కోర్టు చెప్పింది.

ఇది చదువుతుంటే మా మెస్ కమిటీ గుర్తొచ్చింది. భోజనం బాగుందా లేదా అని మీటింగ్ పెడతారు. వార్డెన్ ముందు కూర్చొని ఉంటారు, బాగాలేదన్నోళ్ళు చేతులెత్తండి అంటారు. పప్పు నీళ్ళలాగా ఉందని రాత్రంతా తిట్టుకున్నోళ్ళే తల దించుకొని కూర్చుంటారు. ఇంటికి ఫోన్ పోతుందని వాళ్ళ భయం. అక్కడ ఎంపీలైనా, ఇక్కడ ఇంటర్ పిల్లలైనా, భయం ఒకటే.

ఆగస్టు 7న ఎంబెటె రహస్య ఓటింగ్ అని ప్రకటించింది. ఆమె అలా చేస్తుందని చాలామంది అనుకోలేదు. అప్పటికి పార్టీ అధ్యక్ష పదవి రేసులో తాను కూడా ఉన్నానని చెప్పుకుంది కాబట్టి, లెక్కలు ఏవైనా ఉండొచ్చు. నాకైతే ఆ రోజు మాత్రం ఆమె స్పీకర్‌లా కనబడింది. మర్నాడు తీర్మానానికి అనుకూలంగా 177, వ్యతిరేకంగా 198, తటస్థం 9. జుమా నిలబడ్డాడు. కానీ 400 మంది సభలో ఏఎన్‌సీవి 249 సీట్లు. ప్రతిపక్షం మొత్తం కలిసినా 151. అంటే సొంత పార్టీలోనే కనీసం 26 మంది ఆయన దిగిపోవాలని ఓటేశారు. చీటీ మడతపెట్టి వేస్తేనే ఆ లెక్క బయటికొచ్చింది.

ఆ డిసెంబర్‌లో పార్టీ అధ్యక్ష పోటీ చివరికి రామఫోసాకు, డ్లామినీ జుమాకు మధ్యే జరిగింది, రామఫోసా గెలిచాడు. 2018 ఫిబ్రవరిలో, జుమా ఏటా సభలో చేసే ప్రసంగాన్ని ఎంబెటె వాయిదా వేసింది. వారం తిరిగేసరికి, 14న, జుమా రాజీనామా చేశాడు. 2019 మే నెలలో ఎంబెటె కుర్చీ దిగింది. ఆ చోట్లోకి థాండీ మొడిసె వచ్చింది. ఈమె కూడా 1976 తర్వాత దేశం దాటి వెళ్ళిన అమ్మాయే. సాయుధ దళంలో పనిచేసి, తిరిగొచ్చి పట్టుబడి, జైల్లో ఉండొచ్చింది. ఆమె గురించి చదువుతున్నా, ఇంటర్నల్స్ అయ్యాక రాస్తా.